తాచ్ఛీల్యము - ఆభీక్ష్ణ్యము: నిరోధశాసనమునందలి యొక క్రియావిశేషణముపై విమర్శ

1986వ సంవత్సరపు ఆంధ్రప్రదేశ శాసనములలో మొదటిది సారావర్తకులు, బందిపోటుదొంగలు, మాదకద్రవ్యాపరాధులు, గూండాలు, భూకబ్జాదారులు మున్నగువారి ప్రమాదకరచర్యల నివారణకై పుట్టినది. 2014లో రాష్ట్రము రెండైన పిదప అది రెండు రాష్ట్రములందును నిలిచినది. ఈ శాసనమును న్యాయవాదులు పలుమాఱు పరీక్షించిరి గాని శాబ్దికులు పరీక్షించినట్లు కానరాదు. అయినను, విచారణ లేకయే ఒక మనుష్యుని పండ్రెండు మాసముల వఱకు చెఱయందుంచుటకు ఆధారమగు గూండానిర్వచనము, నిజమునకు, ఒక చిన్న క్రియావిశేషణముపై నిలిచియున్నది. తానొంటిగాగాని, గుంపునందొకడుగాగాని, గుంపునకు నాయకుడుగాగాని, దండస్మృతిలోని 16, 17, 22 అధ్యాయములందు చెప్పబడిన నేరములను 'అలవాటుగా' చేయువాడు, చేయ యత్నించువాడు, చేయుటకు తోడ్పడువాడు గూండా యని ఆ నిర్వచనతాత్పర్యము. ఆ అధ్యాయములు వరుసగా దేహమును, ధనమును, బెదరింపు అవమానములను గూర్చినవి. 1860 నాటి యా స్మృతికి మాఱుగా 2024 జులై 1 నుండి భారతీయ న్యాయసంహిత నడచుచున్నది; అధ్యాయసంఖ్యలు మాఱినవి గాని ప్రశ్న మాఱలేదు. 'అలవాటుగా' అనగా నేమి?

ఆ విశేషణమును తీసివేసినచో, ఒకనాడు పొరుగువానిని కొట్టినవాడును గూండా యగును. దానిని బిగించి పట్టినచో అధికారి చేయి కట్టుబడును. ఒక పదమున కింతటి భారము శాస్త్రగ్రంథములందు సైతము అరుదు.

ఈ భేదమును పాణినీయము ఏనాడో విడమరచినది. తృతీయాధ్యాయ ద్వితీయపాదమున ణిని ప్రత్యయమును తాచ్ఛీల్యార్థమున విధించునట్టి సూత్రము కలదు. తాచ్ఛీల్యమనగా తత్స్వభావత. వేడియన్నమునే తినుట స్వభావముగా గలవాడు ఉష్ణభోజి. ఏనాడో యొకనాడు వేడిగా తిన్నవాడు ఉష్ణభోజి కాడని కాశికాకారులు ప్రత్యుదాహరణమిచ్చిరి. ఇంతటితో సరిపుచ్చినచో విశేషము లేదు. ఆ వెనువెంటనే మఱి కొన్ని సూత్రములకు పిమ్మట, అదే ణిని ప్రత్యయము ఆభీక్ష్ణ్యార్థమున బహులముగా మరల విధింపబడినది. ఆభీక్ష్ణ్యమనగా పౌనఃపున్యము, మాటిమాటికి చేయుట. ప్రత్యయమొక్కటియే, రూపమొక్కటియే, ఇక రెండు సూత్రము లేల? మాటిమాటికి చేయుట వేఱు, స్వభావము వేఱు గనుక. ఆసేవ తాచ్ఛీల్యముకంటె అన్యమని వృత్తికారులును స్పష్టముగా చెప్పిరి. స్వభావము లేకయు మాటిమాటికి చేయవచ్చును: రోగి కషాయమును త్రాగుట యట్టిది. మాటిమాటికి చేయు నవకాశము లేకయు స్వభావముండవచ్చును.

తచ్ఛీలుడు, తద్ధర్ముడు, తత్సాధుకారి అను మూడు తెగలను పాణిని మఱియొకచోట కూర్చెను. ఫలాపేక్ష లేక స్వభావముచేతనే ప్రవర్తించువాడు మొదటివాడు. స్వభావము లేకున్నను ఇది నా యాచారమని చేయువాడు రెండవవాడు. నేర్పుగా చేయువాడు మూడవవాడు. నేరమునకు అన్వయించి చూచినచో ఈ మూడును మూడు వేర్వేఱు మనుష్యులు. ఆకలిచే పలుమాఱు దొంగిలినవాడు ఈ మూటిలో దేనియందును చేరడు, ఆభీక్ష్ణ్యమునందు మాత్రము చేరును.

ఇప్పుడు శాసనమునకు వత్తము. సచ్చరిత్రకై జామీను పుచ్చుకొను పద్ధతి 1898 నాటి క్రిమినల్ ప్రొసీజరు కోడులో 110వ సెక్షనున నుండెను. 1973 నాటి కోడులోను అదే సంఖ్యతో నిలిచినది. 2023 నాటి సంహితలో 129వదైనది. ఆ యొక్క సెక్షనునందే రెండు రచనలు కలవు. ఒకచోట 'అలవాటుచేత దొంగ యైనవాడు' అను నర్థము. ఇంకొకచోట 'అలవాటుగా ఫలాని నేరమును చేయువాడు' అను నర్థము. మొదటిది కర్తను విశేషించుచున్నది, అది తాచ్ఛీల్యము. రెండవది క్రియను విశేషించుచున్నది, అది ఆభీక్ష్ణ్యము. పాణిని రెండు సూత్రములు చేసినచోటనే ఆంగ్లశాసనకర్తలును రెండు వాక్యములు చేసిరి. వారీ సూత్రములను చూచి చేసిరని కాదు, విషయమే యట్టిది. గూండానిర్వచనమున నున్నది రెండవ రచన. శాసనమడుగుచున్నది వాడెట్టివాడని కాదు, వాడేమి చేసెను, ఎన్నిమాఱులు చేసెను అని.

అధికారులు వ్రాయు నిరోధపు ఉత్తరువులలో ఈ రెండును కలగలిసిపోవుచున్నవి. రెండు మూడు పోలీసు కేసులను పేర్కొని, కావున నితడు గూండా యని ముగింతురు. క్రియను గూర్చిన విశేషణమును కర్తకు అంటగట్టుటయే ఇందలి దోషము. లోకమున 'కేడీ' యను మాట పొందిన గతియు నిట్టిదే. పోలీసువారి చిట్టాలో ఆంగ్లమున రెండక్షరముల సంక్షేపముగా పుట్టి, 'ఎఱుగబడిన దోపిడికాడు' అను నర్థముతో నడచి, తుదకు తెనుగు తిట్టుపదమైనది. ఎవరిచే నెఱుగబడెను, ఎట్లు ఋజువయ్యెను అను ప్రశ్నలు ఆ రెండక్షరములలో మునిగిపోయినవి. 'రౌడీషీటరు' కూడ నట్టిదే.

ఈ విశేషణమునకు సరియైన వ్యాఖ్య 1984లో సుప్రీముకోర్టున వెలువడినది. బీహారుదేశపు 1981 నాటి నేరనియంత్రణశాసనముక్రింద ఒక విద్యార్థిని, అతనికి హైకోర్టు బెయిలిచ్చిన పిదప, జిల్లా మేజిస్ట్రేటు నిరోధించెను. ధర్మాసనమున చిన్నపరెడ్డి, వెంకటరామయ్య, ఎ. పి. సేను గారలు కూర్చుండిరి. ప్రథములు ఆంధ్రదేశీయులు, అనంతపురమండలమునందలి గుత్తివారు. సేనుగారు భిన్నాభిప్రాయులైరి, తక్కిన ఇరువురి మతముచే నిరోధము కొట్టివేయబడెను.

వెంకటరామయ్యగారి వ్యాఖ్య శాబ్దికులకు ముచ్చట గొలుపును. ఆ విశేషణమునకు మాటిమాటికి, పట్టువిడువక అని వారర్థము చెప్పిరి. సజాతీయములగు పలుక్రియలను ఒక సూత్రముపై గ్రుచ్చినట్లు అవిచ్ఛిన్నసంబంధ ముండవలెననిరి. ఒంటిగా, విడివిడిగా, విజాతీయములుగా నున్న పనులనుండి అలవాటు తేలదనిరి. అంతటితో నాగక నిర్వచనమునందలి ఖండికలను పోల్చి చూచిరి. ఐదు ఖండికలలో మూటియందా విశేషణము కలదు, రెంటియందు లేదు. లేనిచోట నొక్క పని చాలవచ్చును, ఉన్నచోట చాలదు. ఒక ఖండికలోని పని యొకటియు, వేఱొక ఖండికలోని పని యొకటియు కలిపి రెండని లెక్కించుటకును వీలులేదు. ఇది మీమాంసకుల పద్ధతి: వాక్యమున నొక పదముంచి యొకచోట విడిచినచో, ఉంచుటకును విడుచుటకును ప్రయోజనము చెప్పవలెను. యఙ్ ప్రత్యయము క్రియాసమభిహారమున వచ్చునప్పుడు మాటిమాటికి వండువానిని గూర్చి 'పాపచ్యతే' యందుము గాని, ఒకమాఱు వండి ఒకమాఱు నడచినవానిని గూర్చి యనము. ఆవృత్తి ఒకే ధాత్వర్థమునకు గావలెను. వెంకటరామయ్యగారు వ్యాకరణమును ప్రస్తావింపకయే వ్యాకరణసిద్ధాంతమును చేరిరి.

ఈ న్యాయమును ఆంధ్ర శాసనమునకు తిప్పి చూచినచో నొక చిక్కు కానవచ్చును. గూండానిర్వచనమున ఆ విశేషణము కలదు. సారావర్తకుని నిర్వచనమున లేదు. కనుక సారావర్తకుని విషయమున ఆవృత్తి నిర్వచనాంగము కాదు. ప్రజాశాంతికి భంగమను నియమమొక్కటే వానికి రక్ష. కల్లుసారా అమ్మినవానికంటె మనుష్యుని కొట్టినవానికి నిర్వచనము ఎక్కువ రక్ష యిచ్చుట విచిత్రమే. శాసనకర్తలు ఎఱిగియే చేసిరో, ఇతరరాష్ట్ర శాసనములనుండి ఎత్తి వ్రాయునప్పుడు ఆలోచింపలేదో గాని, 2023లో కాకినాడనుండి వచ్చిన యొక సారావర్తకుని వ్యాజ్యమున సుప్రీముకోర్టు నిరోధమును నిలిపినది. అందే, మూడు మాసములకొకమాఱు ఉత్తరువును పొడిగింపవలెనని 2014లో చెప్పబడిన తీర్పును త్రోసిపుచ్చి, ఆ మూడు మాసములు కలెక్టరునకు అధికారము నొసగు కాలమును గూర్చినవే గాని నిరోధకాలమును గూర్చినవి కావని నిర్ణయించినది. ఒక కాలపరిమాణపదము ఏ విశేష్యమునకు అన్వయించును అను ప్రశ్నయే యిదియు. ఈ యన్వయమువలన మనుష్యుని రక్ష కొంత తగ్గినమాట నిజము. కాని వాక్యరచనను బట్టి చూచిన నా యన్వయమే సాధువని యొప్పుకొనవలెను.

ఇక హేతువును గూర్చి. శీలము ప్రత్యక్షము కాదు, అనుమేయము. పునఃపునఃక్రియ దానికి లింగము. ఒక్క క్రియనుండి శీలమును సాధించినచో హేతువు వ్యభిచరించును. ఏలయన శీలము లేనివానియందును ఒక్క క్రియ కలుగును. ఇది 1984 తీర్పు చెప్పినది. కాని ఉత్తరువులలో ఇంతకంటె పెద్ద దోష మింకొకటి కలదు. అధికారి చూపునవి క్రియలు కావు, క్రియలు జరిగినవను ఫిర్యాదులు. పోలీసుస్టేషనున వ్రాయబడిన ప్రథమసమాచారము నేరమునకు ఋజువు కాదు. హేతువే పక్షమునందు సిద్ధింపనిచో దానిని అసిద్ధమందురు. నాలుగు అసిద్ధహేతువులను కూర్చినను ఒక సిద్ధహేతువు కాదు. నిరోధము దండనము కాదు, నివారణము. కావున ఋజువు వలదు, అధికారి తృప్తి చాలును అని పూర్వపక్షులందురు. రాజ్యాంగము ఈ యధికారమును ఒప్పుకొన్నమాట నిజమే. 1950 మే మాసమున ఎ. కె. గోపాలన్‌గారి వ్యాజ్యమున సుప్రీముకోర్టు నిరోధశాసనమును చాలవఱకు నిలిపినది, కారణములను కోర్టునకు తెలుపరాదనిన యొక సెక్షనును మాత్రము కొట్టివేసినది. ఆనాడు సైతము పతంజలిశాస్త్రిగారు, శాసనమును నిలుపుచునే, ప్రజాస్వామికరాజ్యాంగమున నిట్టి విధి చోటు చేసికొనుట వింతగా, అశుభముగా తోచుచున్నదనిరి. ఋజువు వలదన్నను, 'అలవాటుగా' అను పదమును శాసనమే పెట్టినది. పెట్టిన పదమునకు అర్థమీయక తప్పదు. ఋజువు లేని యారోపణముల లెక్కయే అలవాటైనచో, అలవాటు నిరోధితునిది కాదు, ఫిర్యాదు వ్రాయువారిది.

కౌటిలీయమున నాలుగవ యధికరణము ఈ సందర్భమున చూడదగినది. శంకచే పట్టుకొనుటకు అర్థశాస్త్రకారుడు విస్తారముగా లక్షణములను చెప్పెను. అతడు దయాళువని ఎవ్వరు ననరు. అయినను మూడు రాత్రులు గడచినపిదప, పనిముట్లు దొరికిననే తప్ప, శంకితుని పట్టుకొనరాదనెను. దొంగ కానివానిని దొంగ యన్నవానికి దొంగతో సమానమగు దండము విధించెను. కష్టమునకు భయపడి దొంగ కాకయు దొంగనని యొప్పుకొన్న మాండవ్యుని కథను అక్కడనే తలచెను. పాతబడిన కేసులను త్రవ్వి నిరోధమునకు కారణముగా చూపుట నేటి న్యాయస్థానములును తప్పుపట్టుచున్నవి. మూడు రాత్రులకును మూడేండ్లకును చాల దూరము గలదు గదా.

పైన చెప్పిన పాణినిసూత్రములలో ఆభీక్ష్ణ్యసూత్రమునకు వృత్తికారు లిచ్చిన యుదాహరణములు ఇంకొక తలంపును కలిగించును. కషాయపాయులు గాంధారులు, క్షీరపాయులు ఉశీనరులు అని అవి యుండును. రెండును జనపదములను గూర్చినవి. ఒక దేశమువారు మాటిమాటికి పాలు త్రాగుదురని దేశమంతటికిని ఆ మాటను ఒప్పించుటచే నెవ్వరికిని హాని లేదు. పాలు త్రాగని ఉశీనరుడొకడున్నను వానికి వచ్చిన నష్టమేమి? పాలస్థానమున చౌర్యముంచినచో? 1871 నాటి నేరజాతుల శాసనము సరిగా నదియే చేసినది. ఒక తెగ, ఒక గుంపు, ఒక వర్గము, జామీనునకు వీలులేని నేరములను క్రమబద్ధముగా చేయుటకు మరగినదని ప్రభుత్వము తలచినచో, ఆ తెగయందు పుట్టిన ప్రతివాడును పట్టికకెక్కవలసినదే. 1911లో మాఱిన శాసనముతో నది చెన్నపురి రాజధానికిని వచ్చెను. బాపట్లకు దాపున స్టూవర్టుపురమున సాల్వేషను ఆర్మీవారి యధీనమున ఎఱుకలవారిని స్థిరపరచుట ఆ కాలపు పనియే. ఒక్క పాపము చేయనివాడును, ఉయ్యాలలోని బిడ్డయు, జాతిచేత ఆభీక్ష్ణ్యము పొందిరి. క్రియ లేకయే క్రియావిశేషణము! వెన్నెలకంటి రాఘవయ్యగారివంటివారు చేసిన యాందోళనమును, సంస్కృతపండితులునగు అనంతశయనమయ్యంగారి యధ్యక్షతను కూర్చున్న విచారణసంఘమును గడచి, 1952లో ఆ శాసనము దేశమంతట రద్దయ్యెను.

తెగపేరు పోయినది, 'అలవాటు' నిలిచినది. నేరజాతుల శాసనము స్థానమున రాష్ట్రములు అలవాటునేరస్థుల శాసనములను తెచ్చుకొన్నవి. ఆంధ్రప్రదేశమున 1962లో నొకటి వచ్చెను. వ్యక్తిని గూర్చిన శాసనమైనంతమాత్రమున పూర్వవాసన పోవునా? 2024 అక్టోబరు 3న సుప్రీముకోర్టు చెఱసాలలనియమావళులలోని కులభేదమును కొట్టివేయుచు, సంచారతెగలవారిని అలవాటునేరస్థులతో జతచేయు నియమములనుగూడ తప్పుపట్టినది. రద్దయిన శాసనపు శబ్దార్థము నియమావళులలో డెబ్బదియేండ్లు దాగియుండెనన్నమాట. ఆభీక్ష్ణ్యమునుండి తాచ్ఛీల్యమునకును, తాచ్ఛీల్యమునుండి జాతికిని జారుట ఎంత సులభమో దీనినిబట్టి తెలియును.

ఆవృత్తి ఋజువైనను నిరోధమునకు చాలదనుట రెండవమెట్టు. ఆ పనులు ప్రజాశాంతికి భంగము గావలెను. 1966 నివేదికలందలి రామమనోహర లోహియాగారి వ్యాజ్యమున హిదయతుల్లాగారు మూడు వలయములను చెప్పిరి: పెద్దవలయము శాంతిభద్రతలు, దానిలోపల ప్రజాశాంతి, ఇంకను లోపల రాజ్యభద్రత. పెద్దవలయమున పడినదెల్ల నడిమివలయమున పడదు. తెలంగాణమునుండి పోయిన వ్యాజ్యములలో చాలవఱకు ఇక్కడనే విఱిగినవి. 2021 ఆగస్టున నారిమన్‌గారు, మోసపు కేసులలో బెయిలు పొందినవానిని నిరోధించుట చెల్లదనియు, బెయిలు తప్పైనచో రద్దుకోరుటకు సాధారణశాసనమున దారి కలదనియు చెప్పిరి. 2022 ఏప్రిలున చంద్రచూడుగారు, ఉద్యోగముల పేర ధనము గైకొనిరను కేసున నిరోధమును కొట్టివేయుచు, గడచిన యేడాదిలోనే ఈ శాసనముక్రింది ఉత్తరువులను హైకోర్టు పదింటికి తక్కువ కాకుండ కొట్టివేసినదని లెక్కచూపిరి. 2023 సెప్టెంబరున దీపాంకరదత్తగారి తీర్పు రాష్ట్రమున ప్రబలిన యీ వాడుకను గట్టిగా గర్హించినది. 2024 మార్చిలో, బంగారుగొలుసులు తెంపుకొనిపోయిరను కేసున, పార్దీవాలాగారు సలహాసంఘములును ముద్రవేయు యంత్రములు కారాదని హెచ్చరించిరి.

ఈ హెచ్చరిక ఊరక చేసినది కాదు. 22వ యధికరణమువలన నిరోధితునకు ఇరువదినాలుగు గంటలలో మేజిస్ట్రేటు ముందు నిలుచు హక్కు లేదు, ఇష్టమైన న్యాయవాదిని పెట్టుకొను హక్కు లేదు. మిగిలినవి: కారణములను శీఘ్రముగా తెలుపుట, మనవి చేసికొన నవకాశమిచ్చుట, మూడు మాసములు మించునచో సలహాసంఘపు సమ్మతి. 1978 నాటి నలుబదినాల్గవ సవరణ మూడు మాసములను రెండు చేసినది గాని, ఆ భాగము నేటివఱకు అమలున పెట్టబడలేదు. ఆంధ్ర శాసనము ప్రకారము కారణములు ఐదురోజులలో తెలుపవలెను. కలెక్టరో కమిషనరో ఇచ్చిన యుత్తరువు పండ్రెండు దినములలో ప్రభుత్వసమ్మతి పొందనిచో పడిపోవును. మూడు వారములలో సంఘమునకు పంపవలెను. సంఘము ఏడు వారములలో నివేదింపవలెను. సంఖ్యలన్నియు చక్కగానే యున్నవి. కాని నివేదనము వచ్చుసరికి మనుష్యుడు చెఱలో నెన్ని వారములుండెనో లెక్కవేసినచో, అర్థవిచారము మొదటినాడే జరుగుట ఎంత యవసరమో తెలియును.

పూర్వపక్షమున బలములేదనుట న్యాయము కాదు. గొలుసు తెంపబడిన స్త్రీకి, సాక్షి భయముచే నోరు మెదపని వీధికి, పాణినిసూత్రములు ఊరట కావు. బెయిలుపై వచ్చి మరల అదే పని చేయువాడు కల్ల కాదు. అట్టివాని విషయమున శాసనపదము అడ్డుకాదు, ఏలయన వాని పనులు సజాతీయములు, దగ్గఱదగ్గఱగా జరిగినవి, ప్రజలను వణకించునవి. అధికారి ఆ మూటిని చూపిన చాలును. చూపలేక, చూపుటకు శ్రమపడక, గూండా యను పేరు పెట్టుటయే గర్హ్యము. 2018లో తెలంగాణశాసనమునకు నకిలీవిత్తనములు, ఎరువులు, కల్తీ యాహారము, దొంగపత్రములు, జూదము, సైబరునేరములు మున్నగు మఱి పెక్కు తెగలు చేర్చబడినవి. పేరే యొక పుట కాజొచ్చినది. నిర్వచనములు పెరుగుకొలది విశేషణముల విలువ తగ్గుననుటకు ఇంతకంటె ఉదాహరణ మక్కఱలేదు.

తెనుగుసేత మాట మిగిలియున్నది. 1962లో మహారాష్ట్రమునుండి వచ్చిన వ్యాజ్యమున, ఆంగ్లమెఱుగని నిరోధితునకు కారణములను ఆంగ్లమున నిచ్చి, నోటితో వివరించుట చాలదని సుప్రీముకోర్టు నిరోధమును కొట్టివేసినది. కనుక తెనుగునాట ఈ కారణములు తెనుగున చేతికి రావలసినవే. అందు ఆంగ్లవిశేషణమునకు 'అలవాటుగా' అనియు, 'అలవాటైన నేరస్థుడు' అనియు, ఒక్కొక్కచో 'పాత నేరస్థుడు' అనియు వ్రాయుచున్నారు. చివరిది కేవలము తప్పు: పాతతనము ఆవృత్తి కాదు. రెండవది తాచ్ఛీల్యము, శాసనమున లేనిది. మొదటిది కొంత మేలు గాని, తెనుగున అలవాటు కర్తృధర్మముగానే లోకమునకు తోచును. పొగత్రాగుట యలవాటన్నచో మనుష్యుని గూర్చి చెప్పినట్లే. దీనికి తోడు తద్ధర్మార్థకరూపము వచ్చి చేరును. 'నేరములు చేయువాడు' అన్నచో చేసినవాడా, చేయుచున్నవాడా, చేయబోవువాడా యన్నది ఆ రూపము చెప్పదు. కాలము నడిగినను పలుకదు. నిరోధితుడు మనవిలో సమాధానము చెప్పుకొనవలసినది జరిగిన పనులకు గదా. 'ఫలాని తేదులలో ఒకే జాతి నేరమును మాటిమాటికి చేసినాడను కారణమున' అని భూతార్థకముగా తేదులతో వ్రాసినచో వాక్యము కొంచెము బరువగును. కాని వాక్యము వ్రాయువాడు ఆ తేదులను వెదకవలసి వచ్చును, చదువువాడు ఏ తేదికి ఏమి చెప్పుకొనవలెనో తెలిసికొనును. జామీనుపద్ధతిని గూర్చిన సెక్షనున మొదటి రచనకు మాత్రము 'శీలముచేత దొంగ' యనుటలో బాధలేదు. అక్కడ మేజిస్ట్రేటు ఎదుట విచారణ జరుగును, సాక్షులను ప్రశ్నింపవచ్చును.